కల్లం మీద పడ్డ నీడ

అద్దంకి బస్టాండు ఎదురుగా కట్టిన ఆ ఫ్లెక్సీ ముందు చాలాసేపే నిలబడ్డాను. చేతిలో కూరగాయల సంచీ, నెత్తిన ఏప్రిల్ ఎండ. ఫ్లెక్సీ నిండా మా ఆయన. నల్లకళ్ళద్దాలు పెట్టుకుని, మెడలో కెమెరా వేలాడేసుకుని, ఎక్కడో దూరంగా ఉన్న భవిష్యత్తును చూస్తున్నట్టు ఫోజు. 'మూతిగుడ్డ మూకీ చిత్ర దర్శకులు, మా అన్న వీరబాబు గారికి అభినందనలు' అని పసుప్పచ్చ అక్షరాలు. కింద వరసగా స్నేహితుల మొహాలు. ఒక్కొక్కడూ తనే సినిమా తీసినంత గర్వంగా ఉన్నాడు.

ఆ సినిమా తీసింది నేను. కెమెరా పట్టుకుని మిరపకాయల మధ్య తిరిగింది నేను, కళ్ళు మండి ఏడ్చింది నేను, ముక్కలు ఏరి అతికింది నేను. ఆయన చేసిందల్లా దాన్ని స్టూడియో నెట్‌లో గుంటూరు పంపించడం. సోడా బండి అతను నన్ను గుర్తుపట్టి, మీ ఆయన పెద్ద డైరెక్టరైపోయాడమ్మా అన్నాడు. మర్యాదకి నవ్వబోయాను గానీ మొహం సహకరించలేదు.

ఆ మిర్చి కాలం మొదటినుంచీ చెబితేగానీ నా కోపం ఎంతదో మీకు తెలీదు.

మాది అద్దంకికి దగ్గర్లో ఒక పల్లె. మా ఆయనకు అద్దంకిలో పెళ్ళి వీడియోల స్టూడియో ఉంది. తీయడం ఆయన వంతు, మిక్సింగ్ నా వంతు. మిక్సింగ్ అంటే, గంటలకొద్దీ తీసిన బొమ్మలోంచి పనికొచ్చేది ఏరి, అతికి, పాటలు వేసి, పెళ్ళివాళ్ళు ఏడవాల్సిన చోట ఏడ్చేట్టు చేయడం. పెళ్ళయిన కొత్తల్లో కెమెరా పట్టడమూ, మిక్సింగూ ఆయనే నేర్పాడు, అది ఒప్పుకోవాలి. నేను నేర్చుకున్నాక మిక్సింగ్ ఆయన మర్చిపోయాడు. ప్రతి వీడియో మొదట్లోనూ గులాబీలు రాలుతుండగా 'డైరెక్షన్: వీరబాబు' అని పడుతుంది. ముందే చేసిపెట్టుకున్న ముక్క అది, ఏ పెళ్ళికైనా అదే. మా వ్యాపారంలో పైకి చెప్పని సంగతి ఇంకొకటుంది. పెళ్ళి వీడియో ఎవరూ పూర్తిగా చూడరు. పెళ్ళికూతురు తన పూలజడ చూసుకుంటుంది, వియ్యంకుడు తనకు మర్యాదలు సరిగ్గా జరిగాయా లేదా చూసుకుంటాడు. మా ఆయన అదీ చూడడు. గులాబీలు రాలాయో లేదో చూసి ఇచ్చేస్తాడు.

ఊళ్ళోవాళ్ళు నన్ను స్టూడియో అమ్మాయి అంటారు. చుట్టాలకు వీరబాబు పెళ్ళాన్ని. మా అత్తయ్య 'అమ్మాయ్' అంటుంది, ఆయన 'ఇదిగో' అంటాడు. మాధవీలత అన్న పేరు ఆధార్ కార్డు మీద కనపడాల్సిందే తప్ప ఆ ఇంట్లో ఎవరి నోటా వినపడదు. దానికి నేను అప్పట్లో పెద్దగా బాధపడిందీ లేదు.

ఆ చలికాలం చివర్లో ఖుర్షిదా మేడం అనే ఆవిడ క్లాసుల వీడియోలు మిక్సింగ్‌కి వచ్చాయి. ఆవిడ గుంటూరులో ఒక కాలేజీలో సినిమా చరిత్ర చెబుతుంది. నేను మనిషిని చూడలేదు, ఇచ్చిపుచ్చుకోవడాలన్నీ మా ఆయనతోనే. పాఠం చెప్పినప్పుడు ఆవిడకు జలుబు. దగ్గు వచ్చిన ప్రతిచోటా కత్తిరించాలి గనక, చెప్పిందే మళ్ళీ మళ్ళీ వినాల్సి వచ్చింది. అలా చెవిన పడిందే స్పెయిన్ దేశపు నాట్యకత్తె కథ.

వందేళ్ళ కిందట, సినిమాకి ఇంకా మాట రాని రోజుల్లో, ఆవిడ సొంతంగా కంపెనీ పెట్టుకుని, తన అక్కచెల్లెళ్ళకే వేషాలిచ్చి ఒక సినిమా తీసిందట. ఆ దేశంలో సినిమా తీసిన తొలి ఆడవాళ్ళలో ఒకర్తి. తర్వాత్తర్వాత కొన్నిచోట్ల దర్శకుడంటూ కథ రాసినాయన పేరు చెప్పడం మొదలుపెట్టారట. పోనీ సినిమా చూసి తేల్చుకుందామంటే అది ఎక్కడా దొరకదు. తీసింది నేనే అని చూపించుకోవడానికి ఆవిడకు ఇప్పుడు ఒక్క రీలు కూడా లేదని చెప్పి, మేడం అక్కడ గట్టిగా దగ్గింది. దగ్గు తీసేశాను. ఆ మాటని మాత్రం చెవిలోంచి తీసేయలేకపోయాను. చివరి పాఠంలో ఆవిడ, వేసవిలో కాలేజీలో మూకీ చిత్రాల పండగ పెడుతున్నామని, ఎవరైనా తీసి పంపవచ్చని చెప్పింది.

ఫిబ్రవరి వచ్చేసరికి మా ఊరి చుట్టూ నేల కనపడదు. ఎటు చూసినా కల్లాలు, కల్లాల నిండా ఎండబోసిన మిరపకాయ. ఆ ఏడు ధర లేదు, కోల్డు స్టోరేజీల్లో చోటూ లేదు. రైతులు మొహాలు వేలాడేసుకుని తిరుగుతున్నారు. అయినా కాయంటూ వచ్చాక ముచ్చికలు, అంటే తొడిమలు, తీయాలి, తాలు ఏరాలి. ఆ పనికి ఆడవాళ్ళే పోవాలి.

మా అత్తయ్య రమణమ్మ ఆ పనిలోనే ముసలిదైంది. కరీమున్ నడిపే ఆడకూలీల ముఠాలో ఆవిడ పాత మనిషి. స్టూడియో పెట్టాక మా ఆయన, ఓనరు తల్లి కూలికి పోతే నా పరువేం కావాలంటూ మాన్పించాడు. ఆవిడ మాననే లేదు. ఆయన పెళ్ళి వీడియో తీయడానికి బయల్దేరి బండి మలుపు తిరగ్గానే, ఈవిడ మూతికి గుడ్డ చుట్టుకుని కల్లం దారి పట్టేది. సాయంత్రం తిరిగొచ్చి, తలస్నానం చేసి, మండే చేతుల్ని మజ్జిగలో ముంచుకుని కూర్చునేది. అన్నం దగ్గర ఆయన తుమ్మితే, పోపు మాడిందని నేను సర్దిచెప్పేదాన్ని. అత్తాకోడళ్ళం కలిసి చేసిన దొంగతనం అదొక్కటే.

ఒకరోజు ఆవిడ మర్చిపోయిన నీళ్ళసీసా ఇద్దామని వెళ్ళి అక్కడే కూర్చుండిపోయాను. ఆ ఘాటులో గుడ్డ తీస్తే దగ్గు ఆగదు. అందుకని పొద్దున కట్టిన గుడ్డ సాయంత్రం దాకా విప్పరు. విప్పరు గనక నోటితో మాట్లాడరు. కానీ ఎన్ని కబుర్లు నడుస్తున్నాయో అక్కడ! కనుబొమలు, వేళ్ళు, భుజాలు, అన్నీ మాట్లాడుతున్నాయి. ఇంతలో గట్టు మీద రైతు కనపడ్డాడు. కరీమున్ అరచెయ్యి తిరగేసి చూపించింది. వరసంతా భుజాలు ఊగిపోయాయి. అదేమిటని తర్వాత అడిగితే, తాలుకాయ అని చెప్పింది. చూడ్డానికి కాయే, లోపల సరుకుండదు.

పొద్దంతా నోరు కట్టేసుకున్న ఆడవాళ్ళు, ఒక్క మాట లేకుండా లోకాన్నంతా దులిపేస్తున్నారు. నాకు స్పెయిన్ ఆవిడ గుర్తొచ్చింది. మైకు పాడైందని స్టూడియోలో మూలన పడేసిన పాత కెమెరా కూడా గుర్తొచ్చింది.

ఆ తర్వాత ఆయన ఊరెళ్ళిన రోజల్లా నేనూ కల్లానికే. మొదట్లో ముఠావాళ్ళు సిగ్గుపడి తలలు వంచుకున్నారు. మా మొహాలే కనపడనప్పుడు ఇదేం సినిమా తల్లీ అని కరీమున్ నవ్వింది. కళ్ళున్నాయిగా, అంది మా అత్తయ్య. నాలుగు రోజులకు నన్ను మర్చిపోయారు. అప్పుడు మొదలైంది సినిమా. పెద్ద కథేమీ లేదు. పొద్దున గుడ్డ కట్టుకోవడంతో మొదలు. రోజంతా చేతులతో, కళ్ళతో వాళ్ళ తగాదాలు, వెటకారాలు, ఓదార్పులు. సాయంత్రం ఒక్కొక్కరే గుడ్డ విప్పుతారు. చివరగా ఒక ముసలి మొహం బయటపడి, పెదవులు కదలబోతాయి. అక్కడ ఆపేశాను. ఆ మొహం కరీమున్ తల్లిది.

ఇంకొక ముక్క గురించి చెప్పాలి. మా ఆయన నాకు నేర్పిన మొదటి సూత్రం, తీసేవాడి నీడ బొమ్మలో పడకూడదని. పడితే నా వేళ్ళ మీద కొట్టేవాడు. ఒక సాయంత్రం పొద్దు నా వెనక ఉండగా మా అత్తయ్యను తీస్తున్నాను. నా నీడ ఎర్రటి కాయల మీద బారుగా పడింది. ముడి, కొంగు, కెమెరా ఎత్తిన మోచెయ్యి, అన్నీ తెలుస్తున్నాయి. నాలిక కరుచుకుని పక్కకు జరగబోయాను. అంతలో మా అత్తయ్య తను కూర్చున్న గోతం ఈడ్చుకుంటూ ఎండలోంచి నా నీడలోకి జరిగి, సర్దుకుని కూర్చుని, తలెత్తి చూసింది. గుడ్డ వెనక నవ్వినట్టు కళ్ళ పక్కన ముడతలు పడ్డాయి. ఆ కుప్ప అయిపోయేదాకా నేను కదల్లేదు.

మిక్సింగ్‌లో ఆ ముక్క తీసేయాలని ఒక్కసారి కూడా అనిపించలేదు.

సినిమా తయారయ్యాక, దానికి మూతిగుడ్డ అని పేరు పెట్టి, మా ఆయనకు చెప్పాను, కరీమున్ ముఠాని తీశాను, గుంటూరు కాలేజీకి పంపాలని. అందులో ఆయన తల్లి కూడా ఉన్న సంగతి మాత్రం చెప్పలేదు. ఫోన్ చూసుకుంటూనే సరే అన్నాడు. రెండ్రోజుల తర్వాత అడిగితే, పంపేశా, బాగుందిలే అన్నాడు. ఆ బాగుందిలే అన్న మాటకే నేను పిచ్చిదానిలా పొంగిపోయి ఆ పూట గారెలు వండాను. ఇప్పటికీ ఆ గారెలు తల్చుకుంటే ఒళ్ళు మండుతుంది.

కాలేజీవాళ్ళు సినిమాను పండగకి ఎంపిక చేశారు. ఆ తర్వాతే ఫ్లెక్సీ.

సంచీతో నేరుగా స్టూడియోకి వెళ్ళాను. కంప్యూటర్లో చూశాను. నా సినిమా ముందు గులాబీలు రాలుతున్నాయి.

"ఇదేంటండీ?" అన్నాను.

"స్టూడియో టైటిలు. మన దగ్గర్నుంచి ఏది బయటికెళ్ళినా వేస్తాంగా," అన్నాడు.

"ఇది పెళ్ళి కాదుగా."

"కెమెరా ఎవరిది? స్టూడియో ఎవరిది? నువ్వెవరి పెళ్ళానివి? ఎవరి పేరు వేస్తే ఏంటి ఇప్పుడు?"

అంతటితో ఆగినా బాగుండేది. అసలు ఆడమనిషి పేరుతో పంపితే ఎవరూ తెరిచి కూడా చూసేవాళ్ళు కాదని, తన పేరు ఉండబట్టే ఎంపికైందని, ఆ లెక్కన నేనే తనకు రుణపడి ఉన్నానని చెప్పాడు. నేను స్పెయిన్ ఆవిడ సంగతి చెప్పాను. స్పెయిన్ ఎక్కడ, అద్దంకి ఎక్కడ అని నవ్వాడు. ఆ నవ్వులో నాకొక సంగతి తెలిసిపోయింది. ఈ మనిషి సినిమా చూడలేదు. చూసుంటే నా నీడ కనపడేది, తల్లి కనపడేది, ఇల్లు పీకి పందిరి వేసేవాడు. అలవాటు ప్రకారం గులాబీలు తగిలించి పంపేశాడు. నోటిదాకా వచ్చిన మాటను మింగేసి ఇంటికొచ్చాను.

ఇంట్లో మా అత్తయ్య ఇంకా మంటెత్తించింది. పోనీలేవే, మొగుడి పేరేగా వేసింది, పక్కింటాయన పేరు కాదుగా అంది. పొద్దంతా మీరు తీసిన కాయని కరీమున్ ఇంకొకరి లెక్కలో వేస్తే జుట్టు పట్టుకోరా మీరు, అన్నాను. ఆవిడ చేతులు చూసుకుంటూ కూర్చుంది.

ఆ రోజునుంచి నేను మిక్సింగ్ మానేశాను. అరవలేదు, పుట్టింటికి పోలేదు. వంట చేశాను, బట్టలుతికాను, కంప్యూటర్ ముందు మాత్రం కూర్చోలేదు. పెళ్ళివాళ్ళ ఫోన్లు మోగుతూనే ఉన్నాయి. ఆయనే కూర్చుని కుస్తీ పట్టి, ఒక పెళ్ళిలో తాళి కట్టే ముక్క ఎగరగొట్టాడు. వాళ్ళు స్టూడియోకొచ్చి నానా మాటలూ అన్నారు. నాకు జాలి కలగలేదు. ఇంకా ఇద్దరొచ్చి తిడితే బాగుండుననిపించింది.

గుంటూరు పండగకు ఆయన అందరినీ రమ్మన్నాడు. నటీనటులతో ఫొటో దిగాలట. టాటా ఏస్ మాట్లాడి కరీమున్ ముఠాని ఎక్కించాడు. మా అత్తయ్యకు ఉన్న మంచి చీర మంగళగిరి నేత, అది కట్టించాడు. కొడుకు డైరెక్టరైతే తల్లి ముందు వరసలో కూర్చోవాలి గదా. దారిపొడవునా ఆవిడ నా వైపు చూస్తూనే ఉంది. నేను రోడ్డు చూస్తూ కూర్చున్నాను.

హాల్లో కుర్రకారు బాగానే ఉంది. ఖుర్షిదా మేడం సన్నగా, తలనిండా కొంగుతో వేదిక మీద కనిపించింది. దగ్గు లేని ఆ గొంతు నాకు కొత్తగా వినపడింది. మా ఆయన మైకు పుచ్చుకుని, ఎర్రటి ఎండలో కల్లం నడిబొడ్డున నిలబడి ప్రతి దృశ్యం తనే తీశానని, కళ్ళలోంచి నీళ్ళు కారుతున్నా కెమెరా దించలేదని చెప్పాడు. అవి నా కళ్ళు, నా నీళ్ళు.

దీపాలార్పారు. గులాబీలు రాలాయి, ఆయన పేరు పడింది, చప్పట్లు కొట్టారు. ఆ తర్వాత చప్పుడే లేదు. కరీమున్ అరచెయ్యి తిరగేసిన చోట హాలంతా నవ్వింది. నీడ పడింది. అంత పెద్ద తెర మీద, ముడితో, కొంగుతో, నా నీడ. నా పక్కనున్న మా అత్తయ్య తెర మీద గోతం ఈడ్చుకుని అందులోకి జరిగింది. మా ఆయన వేదిక చివర నిలబడి, తన స్టేటస్ కోసం ఫోన్‌తో జనాన్ని తీసుకుంటున్నాడు. అప్పుడు కూడా తెర వైపు చూడలేదు. ముసలి మొహం గుడ్డ విప్పి, పెదవులు కదలబోయేసరికి సినిమా అయిపోయింది.

దీపాలు వెలిగాక ఖుర్షిదా మేడం అడిగింది, మధ్యలో ఒక ఆడమనిషి నీడ పడింది గదా, దాన్ని అలాగే ఉంచాలని ఎందుకనుకున్నారని.

"ఎవరో కూలి మనిషి అడ్డం వచ్చి ఉంటుందండి," అన్నాడు.

"మరి ఆ నీడలోకి జరిగి కూర్చున్న పెద్దావిడ?"

"ఆవిడా అంతేనండి. కూలి ముసలామె ఎవరో. ఎటు జరగాలో, ఎటు చూడాలో అన్నీ నేనే చెప్పి చేయించాను."

మా అత్తయ్య లేచి నిలబడింది. ఇంటికెళదామంటుందేమో అనుకుని నేనూ లేవబోయాను. ఆవిడ నా భుజం మీద చెయ్యి వేసి కూర్చోబెట్టింది. తన మంచి చీర కొంగు తీసి, ముక్కు మీదుగా తిప్పి, తల వెనక్కి చుట్టి బిగించింది. కళ్ళు మాత్రం మిగిలాయి. అలాగే నిలబడి కొడుకు వైపు చూసింది. మొదట వెనక వరసల్లో చూపులు ఆవిడ మీదికి మళ్ళాయి. తర్వాత మేడం మైకు దించేసింది. అందరికంటే ఆఖర్న గుర్తుపట్టింది మా ఆయనే. చేతిలో ఫోను అలాగే ఉండిపోయింది.

అప్పుడు కొంగు విప్పింది.

"ఆ కూలి ముసలామెని నేనేనండి. ఆ అబ్బాయి తల్లిని," అంది మా అత్తయ్య, మామూలు గొంతుతోనే. "వాడు పోవద్దన్నాడు, నేను పోయాను. వాడు ఆ కల్లంలో అడుగు పెట్టలేదు. ఆ నీడ మా కోడలిది. ఎండగా ఉందని అందులో కూర్చున్నా. నన్నెవరూ జరగమని చెప్పలా. ఈ సినిమా తీసింది ఆ పిల్ల."

ఏదో మర్చిపోయినదానిలా మళ్ళీ అంది.

"మా కోడలి పేరు మాధవీలతండి."

పదమూడేళ్ళుగా ఆ ఇంట్లో ఉన్నాను. నా పేరు ఆవిడకు పూర్తిగా తెలుసని నాకప్పుడే తెలిసింది. ఏడుపొచ్చింది, అంత కోపంలోనూ. వెనక వరసలో కిసుక్కుమన్న నవ్వు వినపడి చూస్తే, కరీమున్ వేదిక వైపు అరచెయ్యి తిరగేసి పట్టుకుని ఉంది.

మేడం కిందికి దిగొచ్చి నా చెయ్యి పట్టుకుంది. ఆవిడ దగ్గులు కత్తిరించింది నేనేనని చెబితే నవ్వేసింది. మర్నాటి ఆటకు గులాబీలు తీసేయించి నా పేరు వేయించింది. మా ఆయన టాటా ఏస్ ఎక్కలేదు, వేరే బస్సులో వచ్చాడు. వచ్చీ రాగానే పరువు తీశావని తల్లి మీద లేచాడు. ఆవిడ మజ్జిగ గిన్నె తెచ్చుకుని నడవాలో అందరికీ కనపడేలా కూర్చుని చేతులు ముంచుకుంది. రేపటినుంచి నేను పొద్దున్నే పోతా, అన్నం నువ్వే పెట్టుకో, అంది. ఓ వారానికి ఆయన నా దగ్గరకొచ్చి, పోనీ ఇద్దరి పేర్లూ వేసుకుందాం అన్నాడు, పెద్ద వరం ఇస్తున్నట్టు. వద్దన్నాను. పెళ్ళి వీడియోల మీద కూడా మిక్సింగ్ అని నా పేరు పడితేనే కూర్చుంటానన్నాను. ఇప్పుడు పడుతోంది. మా మధ్య మాటలు మాత్రం అవసరానికి తప్ప లేవు.

మే నెలలో ఒక మధ్యాహ్నం ఉన్నట్టుండి మబ్బేసింది. కల్లాల్లో కాయ ఇంకా ఉంది. ధర లేని కాయైనా తడిస్తే రైతుకి అదీ దక్కదు. ఊరు ఊరంతా టార్పాలిన్ పట్టాలు పట్టుకుని పరిగెత్తింది. పట్టాలు చాలక, అద్దంకిలోలాగే మా ఊరి మలుపులోనూ ఆయన స్నేహితులు కట్టిన ఫ్లెక్సీని కరీమున్ ముఠా ఊడబీక్కొచ్చి తాలుకాయల కుప్ప మీద కప్పి, నాలుగు మూలలా రాళ్ళు పెట్టింది. వాన కాసేపు దంచి పోయింది. సాయంత్రానికి కడిగినట్టు ఎండ వచ్చింది.

కుప్ప మీద మా ఆయన వెల్లకిలా పడి ఉన్నాడు. నల్లకళ్ళద్దాల మీద నీళ్ళు నిలిచాయి. చూపు మాత్రం ఇంకా భవిష్యత్తు మీదే ఉంది. చుట్టూ ఆడవాళ్ళు మూతిగుడ్డలు తీసేసి విరగబడి నవ్వుతున్నారు. నేను పాత కెమెరా తీశాను. సాయంత్రపు పొద్దు నా వెనకే ఉంది. నా నీడ కాయల మీదుగా సాగి, ఆయన మొహం మీద అడ్డంగా పడింది.

"జరగవే మాధవీ, నీ నీడ పడుతోంది," అంది మా అత్తయ్య.

నేను జరగలేదు.